గజం తక్కువ తాడు

ఆ బడిలో ఆయన్ని పేరు పెట్టి పిలిచినవాడు లేడు. ఆరో తరగతి పిల్లల నుంచి హెడ్‌మాస్టరు ఫాదర్ దాకా అందరికీ ఆయన గీతలాయన. నలభై ఒక్క ఏళ్ళు ఆటస్థలంలో సున్నం గీతలు గీసినవాడికి ఇంకేం పేరు పెడతారు లెండి! తెల్లారేసరికి చేతిలో చిల్లుల డబ్బా, భుజాన తాడు. గోళ్ళ సందుల్లో సున్నం, కనుబొమల్లో సున్నం, ముక్కు మీద కోపం. ఆరని గీత మీద ఎవడైనా కాలు పెట్టాడా, వాడి ఏడు తరాలనూ పలకరించి గానీ వదిలేవాడు కాదు.

ఇది ఆయన కథ. ఆయన కథంటే ఆయన కూతురి కథ కూడా. ఎందుకంటే ఆయన బతుకు మొత్తంలో చేసిన ఒకే ఒక్క పెద్ద తప్పు వెళ్ళి వెళ్ళి ఆ పిల్ల నెత్తిన పడింది.

ముందు బడి సంగతి చెప్పాలి. ఎనభై ఏళ్ళ కిందట ఒక గడ్డం ఫాదర్ డొక్కు సైకిలు మీద వచ్చి, ఎవరికీ అక్కర్లేని రాళ్ళ నేల కొని, "ముందు గ్రౌండు, తర్వాతే గదులు" అన్నాడట. పైవాళ్ళు నెత్తీ నోరూ కొట్టుకున్నారు. ఆయన వింటేగా! మొదటి రెండేళ్ళు పాఠాలు రేకుల షెడ్డులో, పూజ కూడా అదే షెడ్డులో. సాయంత్రం అయ్యేసరికి పిల్లలంతా వరుసగా నిలబడి రాళ్ళు ఏరాలి. అబద్ధం ఆడినవాడికి యాభై రాళ్ళు, పూజలో కునికిపాట్లు పడినవాడికి వంద. మా పాపాలతోనే ఆ నేల చదునైందని పాత విద్యార్థులు చెప్పుకుని నవ్వుకునేవారు.

చదువులో ఆ బడి ఎప్పుడూ అంతంతమాత్రమే. పరుగులో మాత్రం పెట్టింది పేరు. వరండాలో గోడకు ఈ చివరి నుంచి ఆ చివరికి ఒక టేకు బోర్డు ఉండేది. దాని మీద బంగారు రంగు అక్షరాలతో పందెం, అందులో బడి రికార్డు కొట్టినవాళ్ళ పేరు, పట్టిన సమయం, సంవత్సరం. చర్చిలో మోకాళ్ళ మీద నిలబడిన దానికన్నా పిల్లలు ఆ బోర్డు ముందు నిలబడిందే ఎక్కువ. ఆఖరి చుట్టుకు మోగించే గంట కూడా చర్చిలో పూజకు వాడేదే. పందేల రోజు పొద్దున ఫాదర్ వచ్చి గీతల మీద పవిత్ర జలం చల్లేవాడు. చల్లినచోటల్లా సున్నం కరిగి మరకలయ్యేది. గీతలాయన పళ్ళు కొరుకుతూ ఆమెన్ అనేవాడు, ఫాదర్ అటు తిరగ్గానే మళ్ళీ గీసేవాడు.

ఇక ఆ తాడు. గడ్డం ఫాదర్ దగ్గరుండి పేనించిన నలభై గజాల నూలు తాడు అది. మైదానంలో ఆ కొసన ఒకటి, ఈ కొసన ఒకటి ఇనుప మేకులు పాతి ఉండేవి. తాడు చివరి ఉచ్చును మేకుకు తగిలించి, రెండో చివర పట్టుకుని బిగలాగి నడుస్తూ సున్నం పోసుకుంటూ పోతే ట్రాకు మలుపు వచ్చేస్తుంది. అలా రెండు మలుపులు గీసి, రెండింటినీ తిన్నని గీతలతో కలిపితే చుట్టు నాలుగు వందల మీటర్లు. డ్రిల్లు మాస్టరు ఎప్పుడో ఒకసారి ముచ్చటపడి టేపు కొనుక్కొస్తే గీతలాయన దాన్ని ముట్టుకోనైనా లేదు.

"గడ్డం ఫాదర్ తాడుండగా మీ టేపెందుకు మాస్టారూ? బట్టలు కుట్టించుకోడానికి పనికొస్తుంది, ఇంట్లో దాచుకోండి" అన్నాడు. డ్రిల్లు మాస్టరు నవ్వేసి ఊరుకున్నాడు. ఊరుకోకుండా ఉంటే ఎంత బాగుండేది!

ఇరవై నాలుగేళ్ళ కిందట ఒక నెలంతా వానలు కురిసి మైదానంలో బురద మేట వేసింది. కొత్త మట్టి తోలించి చదును చేయించారు. పాత గీతల ఆనవాళ్ళన్నీ దాని కిందికి పోయాయి. పందేలు దగ్గర పడ్డాయని గీతలాయన స్టోరు గది తెరిచి చూస్తే, ఎలుకలు తాడును ఉచ్చు దగ్గర గజం మేర కొరికి పీచు పీచు చేసి ఉన్నాయి. ఎలుకలను తిట్టాల్సినవన్నీ తిట్టి, ఆయన ఆ పాడైన ముక్క కోసేసి, మిగిలినదానికి కొత్త ఉచ్చు వేశాడు. తాడులో గజం పోతే చుట్టులో గజం పోతుంది, పిల్లలకు ఓ అంగ కలిసొస్తుంది, కొంపలేం మునిగిపోవులే అనుకున్నాడు. ఎవరికీ చెప్పలేదు. చెప్పాల్సినంత విషయమని ఆయనకు తోచనే లేదు.

ఆ ఏడు పందేల్లో మునుపెన్నడూ లేని వింత జరిగింది. నాలుగు వందలు, ఎనిమిది వందలు, పదిహేను వందలు, చిన్నవాళ్ళవీ పెద్దవాళ్ళవీ, అబ్బాయిలవీ అమ్మాయిలవీ, మలుపు తిరిగే పరుగుల రికార్డులన్నీ టపటపా రాలిపోయాయి. లాంగ్ జంపు మాత్రం కదల్లేదు. ఇనుప గుండు కదల్లేదు. తిన్నగా పరిగెత్తే వంద మీటర్లూ కదల్లేదు. ఇన్ని కళ్ళు చూస్తున్నాయి కదా, ఒక్కరికైనా ఇదేమిటని అనుమానం రావద్దూ? రాలేదు. హెడ్‌మాస్టరు ఫాదర్ దేవుడి కృప అన్నాడు. డ్రిల్లు మాస్టరు తన శిక్షణ అన్నాడు. గీతలాయన అదంతా కొత్త మట్టి మహిమ అన్నాడు.

పదిహేను వందల మీటర్లలో పాత రికార్డును మూడు సెకన్లు తగ్గించింది ఆయన కూతురు. పదిహేనేళ్ళ పిల్ల, పదో తరగతి. మాట తక్కువ. చిన్నప్పటి నుంచీ తండ్రి గీత గీస్తుంటే ఆ గీత పక్కనే, దాన్ని తొక్కకుండా, వెనకాలే పరిగెత్తుతూ పెరిగింది. బోర్డు మీద ఆ పిల్ల పేరు రాస్తుంటే గీతలాయన పెయింటరు పక్కనే నిలబడి, అక్షరం అక్షరానికీ "లావుగా రాయవయ్యా, రంగు మేం కొనిపెడతాంలే" అని ప్రాణం తీశాడు. ఆ నెల రోజులూ ఆయన్ని పట్టుకోవడం ఎవరితరమూ కాలేదు.

నెల తర్వాత నగరంలో పెద్ద స్టేడియంలో అన్ని బడుల పోటీలు. అక్కడ మొదటి మూడు స్థానాల్లో వచ్చినవాళ్ళను ప్రభుత్వం క్రీడా హాస్టల్లో చేర్చుకుని చదివిస్తుంది. బడి బస్సులో నలభైమంది పిల్లలతోపాటు గీతలాయన కూడా ఇస్త్రీ చొక్కా వేసుకుని వెళ్ళాడు. కూతురి సమయానికి మొదటి స్థానమే వస్తుందని డ్రిల్లు మాస్టరు లెక్క కట్టి పెట్టాడు. ఏ చుట్టు ఎన్ని సెకన్లలో తిరగాలో పిల్ల చేత వల్లె వేయించాడు.

పరుగు మొదలైంది. పిల్ల ఎప్పుడూ పరిగెత్తినట్టే పరిగెత్తింది. మొదటి చుట్టు పూర్తయ్యేసరికి డ్రిల్లు మాస్టరు గడియారం చూసి గొంతు చించుకున్నాడు.

"సెకను లేటు! కదులు!"

పిల్ల వేగం పెంచింది. రెండో చుట్టు పూర్తయింది. "ఇంకా లేటే! ఏమైందే నీకు?" పిల్ల బెదిరిపోయి తండ్రి వైపు చూసింది. తండ్రి కూడా చేతులూపుతూ అరుస్తున్నాడు. మూడో చుట్టులో ఉన్న శక్తంతా ఊడ్చి పెట్టేసింది. ఆఖరి చుట్టు గంట మోగేసరికి కాళ్ళు తేలిపోయాయి, ఊపిరి అందలేదు, మలుపు దగ్గర మోకాళ్ళ మీద కూలబడింది. లేచి నడుచుకుంటూ గీత దాటింది. అందరికన్నా ఆఖరున.

తిరుగు ప్రయాణంలో అందరూ బస్సెక్కి కూర్చున్నారు. అలా కూర్చున్నా బాగుండేది. గీతలాయనకు తల కొట్టేసినట్టుంది. అంతమంది పిల్లల ముందూ, మాస్టర్ల ముందూ లేచి నిలబడ్డాడు.

"నలుగురు జనాన్ని చూసేసరికి కాళ్ళు చచ్చాయి దీనికి! ఇంట్లో పులి, బయట పిల్లి. గుండె లేదు, అదీ సంగతి. బెదురుగొడ్డు!"

అంతే. ఆ మాట పిల్లలకు దొరికింది. మర్నాటి నుంచి బడిలో ఆమె బెదురుగొడ్డు. పిల్ల మళ్ళీ మైదానంలో కాలు పెట్టలేదు. బూట్లు ఎవరికో ఇచ్చేసింది. తండ్రి ఒకటి రెండుసార్లు బుజ్జగించబోతే, "నువ్వన్నది నిజమే నాన్నా, నాకంత గుండె లేదు" అంది. కోపంగా అనలేదు. ఒప్పుకున్నట్టు అంది.

ఆ మాటే ఆమెకు జీవితమైంది. పదో తరగతితో చదువు ఆపేసింది. బట్టల ఫ్యాక్టరీలో ఇస్త్రీ బల్ల దగ్గర చేరింది. సూపర్‌వైజరుగా ఉండమ్మా అని రెండుసార్లు అడిగితే, పదిమందికి చెప్పి చేయించే గుండె నాకు లేదండీ అంది. మొగుడు తాగొచ్చి చెయ్యి చేసుకుంటుంటే తొమ్మిదేళ్ళు పడింది. వదిలేసి వచ్చెయ్యవే అని తండ్రి మొత్తుకుంటే, "ఒంటరిగా బతికే గుండె నాకెక్కడిది నాన్నా" అంది. చివరికి ఆ మొగుడే ఇంకెవరితోనో వెళ్ళిపోయాడు గనక బతికిపోయింది. ఆ మాట విన్నప్పుడల్లా గీతలాయన తనను తానే తిట్టుకునేవాడు. అనేశాను, ఇప్పుడెట్లా వెనక్కి తీసుకునేది? ఒక్క దారి దొరికితే చాలు, ఆ మాట తుడిచేద్దామని ఇరవై నాలుగేళ్ళుగా ఎదురుచూస్తూనే ఉన్నాడు.

ఈ ఏడు బడి మూసేస్తున్నారు. పిల్లలు లేరు. ఒకప్పుడు పన్నెండు వందల మంది ఉండేచోట నూట పది మంది మిగిలారు. స్థలం ఎవరో అపార్టుమెంట్లవాళ్ళు కొన్నారు. హద్దులు కొలవడానికి సర్వేయరు వచ్చాడు. మూడు కాళ్ళ మిషను పెట్టుకుని పనంతా ముగించి, ఊసుపోక ట్రాకు కూడా కొలిచాడు.

"తాతా, ఇది ఎన్ని మీటర్ల ట్రాకు?"

"నాలుగొందలు. ఎనభై ఏళ్ళ నుంచి నాలుగొందలే."

"మూడొందల తొంభై నాలుగే వస్తోందే."

"నీ మిషనుకు కళ్ళు కనపడట్లేదు. ఇంకోసారి చూసుకో నాయనా."

మళ్ళీ చూశాడు. అంతే వచ్చింది. గీతలాయన విసవిసా వెళ్ళి తాడు తెచ్చి అతని ముందు పడేశాడు. కొలిస్తే ముప్పై తొమ్మిది గజాలు.

"నలభై ఉండాలి. గజం ఎలుకలు కొట్టేస్తే కోసేశాను. గజానికి గజమే కదా పోవాలి?"

సర్వేయరు పకపకా నవ్వి, పుల్ల తీసుకుని మట్టిలో రెండు సున్నాలు గీశాడు, ఒకటి చిన్నది, ఒకటి పెద్దది. "గజానికి గజం కాదు తాతా. మేకు నుంచి గజం తగ్గిస్తే చుట్టు మొత్తం లోపలికి వచ్చేస్తుంది. ఆరు గజాల పైనే పోతుంది. ఎన్నేళ్ళ నుంచి గీస్తున్నావేంటి ఇట్లా?"

గీతలాయన చుట్టూ ఒకసారి చూశాడు. "ఇది... రాసుకుంటారా బాబూ?" అన్నాడు.

"నాకెందుకు? నాక్కావలసినవి హద్దులే. వచ్చే వారం మిషన్లు దిగితే ట్రాకూ ఉండదు, ఏమీ ఉండదు."

ఆ క్షణంలో ఆయనకు తన పరువు తప్ప ఇంకేమీ కనపడలేదు. నిజం చెప్పుకోవాలి కదా, మనిషన్నాక ముందు తన ముఖమే చూసుకుంటాడు. నలభై ఏళ్ళు గీతంటే గీతలాయనదే అనిపించుకున్నాడు. వచ్చే ఆదివారం చివరి పూజకు పాత విద్యార్థులంతా వస్తారు. ఈ సంగతి పొక్కితే బోర్డు మీద సగం పేర్లు అబద్ధమైపోవా? పిల్లలను మోసం చేశాడనరా? సర్వేయరు వెళ్ళిపోగానే తాడు తీసుకెళ్ళి, ఎండుటాకులు తగలబెట్టే గుంటలో వేసి నిప్పు పెట్టాడు. ఎండిన నూలు, భగ్గున మండింది. పూర్తిగా బూడిదయ్యేదాకా నిలబడి, కర్రతో కలిపి మరీ వచ్చాడు. కూతురు గుర్తు రాలేదా అంటే, రాలేదు. ఇన్నేళ్ళలో ఏ ఏడు ఏదో కలగాపులగమైపోయి, ఆ వానలు కూతురు బడి వదిలేశాక వచ్చాయనే ఆయన లెక్క.

ఆదివారం చివరి పూజ అయింది. పాత విద్యార్థులు ఫోటోలు దిగారు, కళ్ళు తుడుచుకున్నారు, వెళ్ళిపోయారు. మంగళవారం బోర్డు దింపడానికి వడ్రంగి వస్తే గీతలాయన కిందనుంచి పట్టుకున్నాడు. దింపి నేలమీద ఆనించారు. ఎప్పుడూ తలెత్తి చూసే అక్షరాలు మొదటిసారి ముఖానికి ఎదురుగా వచ్చాయి. కూతురి పేరు. పక్కన సంవత్సరం. దాని పైన ఇంకో పేరు, అదే సంవత్సరం. కింద మూడు పేర్లు, అదే సంవత్సరం. పదకొండో పన్నెండో రికార్డులు, అన్నీ ఒకే ఏడు. లాంగ్ జంపు పక్కన మాత్రం ఎప్పటిదో పాత సంవత్సరం.

కొత్త మట్టి పోసిన ఏడు. ఎలుకలు కొరికిన ఏడు.

వేళ్ళు మడుస్తూ లెక్క వేశాడు. చుట్టుకు ఆరు గజాలు. పదిహేను వందలంటే దగ్గర దగ్గర నాలుగు చుట్లు. ఇరవై మూడు గజాలు. చుట్టుకు ఒక సెకను. సెకను లేటు, కదులు! ఇంకా లేటే! ఆ రోజు పిల్ల లేటు కాలేదు. ఎప్పుడూ పరిగెత్తినట్టే పరిగెత్తింది. దారే ఎక్కువుంది. లేని ఆలస్యాన్ని అందుకోవాలని తరిమి తరిమి పిల్లను పడేసింది వీళ్ళే. అది బెదరలేదు. బెదరలేదు నా తల్లి! గీతలాయన బోర్డు పక్కనే నేలమీద చతికిలబడ్డాడు. "ఏమైంది పెద్దాయనా, నీళ్ళు తెమ్మంటారా?" అని వడ్రంగి కంగారుపడ్డాడు.

ఏడుపూ సంతోషమూ కలిసిపోయాయి. దొరికింది! ఇరవై నాలుగేళ్ళు వెతికిన దారి దొరికింది. కూతురి దగ్గరికి పరిగెత్తబోయి, సాక్ష్యం చూపించాలి కదా అని మైదానం వైపు తిరిగాడు. తాడు లేదు. పోనీ, మేకుల మధ్య గీతలు కొలిపిస్తే? అక్కడ పొద్దున్నే దిగిన మిషను అవతలి మలుపును అప్పటికే నిలువులోతు తవ్వేసింది. మేకు ఎక్కడుందో కూడా తెలియలేదు. డ్రిల్లు మాస్టరు పోయి ఆరేళ్ళయింది. సర్వేయరుకు ఫోను చేశాడు.

"ఏ తాడు తాతా? రోజుకో సైటు తిరుగుతుంటాను నేను. గుర్తు లేదు" అన్నాడతను. వెనకాల ఏదో మిషను రొద. "కొలిచానేమో, కొలిస్తే కొలిచాను. రాసుంటే కదా చెప్పేది."

అయినా ఆగలేదు. ఉన్నపళంగా ఫ్యాక్టరీకి వెళ్ళాడు. భోజన విరామం. కూతురు షెడ్డు బయట అరుగు మీద టిఫిను డబ్బా కడుక్కుంటోంది. ముప్పై తొమ్మిదేళ్ళకే జుట్టు నెరిసింది. ముంజేతుల నిండా ఇస్త్రీ పెట్టె వాతలు.

"ఏంటి నాన్నా, ఈ వేళప్పుడు? ఒంట్లో బాలేదా?"

చెప్పాడు. తాడు, ఎలుకలు, గజం, చుట్టుకు ఆరు గజాలు, ఇరవై మూడు గజాలు. ఊపిరి సలపకుండా చెప్పాడు. మట్టిలో వేలితో సున్నాలు గీసి చూపించాడు, ఒకటి చిన్నది, ఒకటి పెద్దది. "నువ్వు బెదరలేదమ్మా. తప్పు నాది. నీ కాళ్ళు చావలేదు. నీకు గుండె ఉంది తల్లీ, ఎప్పుడూ ఉంది" అన్నాడు.

ఆమె డబ్బా పక్కన పెట్టి అంతా విన్నది. మధ్యలో ఒకసారి ఆమె కళ్ళలో ఏదో కదిలింది. ఆ మట్టిలో సున్నాల వంకే చూస్తూ అడిగింది.

"తాడేదీ నాన్నా?"

"కాల్చేశాను."

"ఎందుకు?"

"భయపడ్డాను. పరువు పోతుందని..."

"గ్రౌండు?"

"తవ్వేశారు. పొద్దున్నే."

"కొలిచినాయన?"

"గుర్తు లేదంటున్నాడు. కానీ లాంగ్ జంపు రికార్డు మాత్రం పడలేదు కదమ్మా, చూడు, ఆలోచించు..."

ఆమె కళ్ళలో కదిలినది ఆగిపోయింది. తండ్రి ముఖంలోకి జాలిగా చూసి, చీర కొంగుతో ఆయన కళ్ళు తుడిచింది.

"పోనీలే నాన్నా. ఇన్నాళ్ళకి నన్ను ఓదార్చాలనిపించింది, అంతే చాలు. నీ మీద నాకేం కోపం లేదు. నువ్వు ఇట్లాంటివి కల్పించక్కర్లేదు."

"కల్పించడం కాదే! ఒట్టు. గడ్డం ఫాదర్ మీద ఒట్టు!"

"నాకు తెలుసు నాన్నా. రెండో చుట్టులో నీ వైపు చూశాను చూడు, అప్పుడు గుండె ఝల్లుమంది. అప్పుడే అయిపోయింది. పరిగెత్తింది నేను, నాకు తెలీదా? బెదిరాను. నిజంగానే బెదిరాను."

గీతలాయన మట్టిలో సున్నాల వంక చూశాడు. ఆనాడు బస్సులో ఒక్క మాట అంటే, సాక్ష్యం లేకుండానే నలభైమంది నమ్మారు. ఈ పిల్ల అందరికన్నా ముందు నమ్మింది. ఈ రోజు లెక్కతో సహా నిజం చెబుతుంటే నమ్మడానికి ఒక్క ప్రాణి లేదు. నమ్మించగల తాడును తన చేతులతోనే బూడిద చేసి, కర్రతో కలిపి మరీ వచ్చాడు.

విరామం అయిపోయిందని సైరను మోగింది. ఆమె లేచి డబ్బా చంకన పెట్టుకుంది. షెడ్డు గుమ్మం దాకా వెళ్ళి, ఏదో గుర్తొచ్చినట్టు వెనక్కి వచ్చి, పక్కవాళ్ళకు వినపడకుండా గొంతు తగ్గించింది.

"ఈ తాడు సంగతి ఇంకెవరికీ చెప్పకు నాన్నా. కూతురు ఓడిపోయిందని ఇప్పటికీ సాకులు వెతుకుతున్నాడని నవ్వుతారు. నిన్ను చూసి ఎవరైనా నవ్వితే తట్టుకునే గుండె నాకు లేదు."